బోర్డు మీద రాయని మూడో అర్థం

"నా ఇంగ్లీషు డి కాడ మొదలైతది సారూ. ఏ, బీ, సీలు నాకు రావు. ఆ మూడక్షరాలతోని మొదలయ్యే మాట ఎవరన్న అడిగిండ్రనుకో, నాకు దగ్గన్న రావాలె, మిషన్ల కాయితమన్న ఇరుక్కోవాలె."

సిద్ధిరాములు ఈ మాట అంటూనే జిరాక్స్ మిషన్ మూత తెరిచి, లోపల ఇరుక్కోని కాయితం కోసం శ్రద్ధగా వెతికాడు.

స్టూలు మీద కూర్చున్న పట్టాభి నవ్వాడు. రేపల్లె నుంచి వచ్చి, నీటిపారుదల ఆఫీసులో ముప్పై ఏళ్లు గుమాస్తాగిరీ చేసి, చంపాపేట్‌లో స్థిరపడ్డ మనిషి ఆయన. రోజూ సాయంత్రం నాలుగింటికి దిల్‌సుఖ్‌నగర్‌లోని ఈ కొట్టుకు ఒక ఆధార్ కార్డు కాపీ కోసం వస్తాడు, గంటసేపు కూర్చుంటాడు. ఇంట్లో ఆ కాపీలతో ఒక దిండు కుట్టించుకోవచ్చు. ఒకరు చెబుతుంటే వినడంకన్నా మంచి కాలక్షేపం ఆయనకు ఇంతవరకూ దొరకలేదు.

"అసలా పుస్తకం ఎక్కడ దొరికింది మీకు?" అన్నాడు, తెలియనట్టు. ఈ కథ వినడం ఇది నాలుగోసారి.

"బజ్జీల బండి మీద. ఊరిడిసి వచ్చిన కొత్తల. బండాయన డిక్షనరీ ముందల పెట్టుకొని, ఒక్కో కాయితం చింపి మిర్చి బజ్జీలు కట్టిస్తుండు. మిగిలింది నాకియ్యవయ్యా అన్న. అప్పటికే ఏబీసీలు ఈ బస్తీ జనం కడుపులకు పోయినయి. డి నుంచి నాకొచ్చినయి. మొదటి కాయితం తెరిస్తే డ్యాబుల్ అని ఉంది. రెండర్థాలు. ఒకటి, నీళ్లల్ల చేతులు ఆడిచ్చుడు. రెండు, ఏ పనైనా పైపైన ముట్టి ఇడిసిపెట్టుడు. నేను బీరిపోయిన సారూ. నా సంగతి వీళ్లకెవరు చెప్పిండ్రు?"

"మరి చివర?"

"ఎనుక దిక్కు కూడా పోయింది. థ్రైవ్ కాడ తెగింది. థ్రైవ్ అంటే వర్ధిల్లుడు. అంటే నేను వర్ధిల్లుడు దాకా వచ్చి ఆగిపోయిన."

బల్ల మీద ఫోను మోగింది. సిద్ధిరాములు దానివైపు చూసి, చూడనట్టు మళ్లీ మిషన్‌లోకి తల పెట్టాడు. ఫోను మోగి మోగి ఊరుకుంది. పట్టాభి వచ్చాక ఇది మూడోసారి.

కొట్టు వెనకభాగంలో స్పైరల్ బైండింగ్ మిషన్ దగ్గర కూర్చున్న భూలక్ష్మి తల ఎత్తకుండానే అంది, "డాడిల్ చెయ్యకు."

పదకొండేళ్లుగా ఆ కొట్టులో ఉండి ఆమె నేర్చుకున్న ఇంగ్లీషు మాట అదొక్కటే. అయ్యే పనిని కావాలని సాగదీయడం అని దానర్థం. మొగుడి మీద తప్ప మరెవరి మీదా ఆమె దాన్ని వాడదు. అవసరం కూడా పడలేదు.

సిద్ధిరాములుది పోచంపల్లి దగ్గరి ఊరు. నేత పని. పదో తరగతిలో ఒక్క ఇంగ్లీషే తప్పాడు, మూడుసార్లు తప్పాడు. పదకొండేళ్ల కింద మగ్గం దిగి ఇక్కడికి వచ్చి, కోచింగ్ సెంటర్ల సందులో జిరాక్స్ మిషన్ పెట్టాడు. చుట్టూ వేలమంది పిల్లలు ఉద్యోగాల కోసం పుస్తకాలు నములుతుంటే ఊరికే ఉండబుద్ధి కాలేదు. కొట్టు ముందర ఒక నల్లబోర్డు వేలాడదీసి, రోజుకొక అరుదైన ఇంగ్లీషు మాట రాయడం మొదలుపెట్టాడు. కింద దాని అర్థాలు తెలుగులో. ఒక మాటకు ఏడు అర్థాలుంటే ఏడూ రాయాల్సిందే. బోర్డుకు అదొక్కటే నియమం. "సగం అర్థం చెప్పేటోడు అబద్ధం చెప్పేటోనికన్న ఎక్కువ చెడగొడ్తడు" అనేవాడు. పిల్లలు పరీక్షకు పోతూ ఆ బోర్డు ముందు ఒక్క నిమిషం ఆగి పోవడం అలవాటైంది. కొందరు చెప్పులు కూడా విప్పేవారు. అది మరీ ఎక్కువని సిద్ధిరాములే చెప్పి మాన్పించాడు.

పోయిన నెల ఉద్యోగం వచ్చిన పిల్లవాడొకడు పోతూ పోతూ తన డిక్షనరీ ఇచ్చిపోయాడు. అట్ట కూడా నలగని పుస్తకం, మొదటి నుంచి చివరిదాకా ఉంది. ఇంకేం, ఏబీసీలు నేర్చుకుంటాడని సందు సందంతా అనుకుంది. సిద్ధిరాములు మాత్రం దాన్ని తెరిచి, వేళ్లతో కాయితాలు తిప్పుకుంటూ పోయి, సరిగ్గా థ్రైవ్ దాటాక వచ్చే మాట దగ్గర మొదలుపెట్టాడు.

"అదేంటండీ! ఇన్నాళ్లకు ఏ దొరికితే దాన్ని వదిలేసి టి నడిమధ్యలోనా?" అని పట్టాభి ఆశ్చర్యపోయాడు అప్పుడు.

"పాత పడుగు ఎక్కడ ఆగిందో కొత్త పడుగు ఆడ్నే గదా సారూ అతికేది. మొదటికెళ్లి ఎట్ల నేస్తరు?" అన్నాడు సిద్ధిరాములు, అడగడమే వింత అన్నట్టు.

ఆ లెక్కన వస్తూ వస్తూ ఈరోజు బోర్డు మీదకు వచ్చిన మాట థ్రమ్. దాని కింద సుద్దముక్కతో గుండ్రటి అక్షరాల్లో రెండు అర్థాలున్నాయి. ఒకటి, ఆగకుండా సన్నగా మోగే చప్పుడు. రెండు, తంతి వాయిద్యాన్ని ఊసుపోక మీటడం.

నాలుగోసారి ఫోను మోగేలోపు అలేఖ్య వచ్చింది. పక్క సందులోని హాస్టల్లో ఉండి గ్రూప్స్‌కు చదువుతున్న అమ్మాయి. నోట్సు బల్ల మీద పెట్టి, సెల్‌ఫోను చూపించింది.

"అంకుల్, థ్రమ్‌కి ఇంకో అర్థం ఉంది. మీరు రాయలేదు."

"ఏదమ్మా?" అన్నాడు సిద్ధిరాములు. తెలిసి అడుగుతున్నాడని పట్టాభికి అర్థమైంది. గుమాస్తాగిరీలో ఆ గొంతు ఎన్నోసార్లు విన్నాడు.

"మగ్గం మీద నేసిన బట్ట కోసి తీసేశాక, మగ్గానికే మిగిలిపోయే దారాలట. మీరే కదా అంకుల్ అన్ని అర్థాలూ రాయాలనేది? నేను మీ బోర్డు చూసే వేరే డిక్షనరీ చూడటం మానేశాను. ఇవాళ ఊరికే వెతికితే ఇది కనపడింది."

సిద్ధిరాములుకు దగ్గు వచ్చింది. ఈసారి నిజంగానే వచ్చింది.

"జాగా సరిపోలే బిడ్డా."

అలేఖ్య బోర్డువైపు చూసింది. కింద సగం బోర్డు ఖాళీగా ఉంది.

"చెప్పరాదయ్యా, పిల్ల అడుగుతుంటే" అంది భూలక్ష్మి లోపలి నుంచి. "చెప్పకుంటే నేనే చెప్త. నాకైతే డిక్షనరీ గూడ అక్కర్లే."

సిద్ధిరాములు స్టూలు లాక్కుని పట్టాభి ఎదురుగా కూర్చున్నాడు. మిషన్ ఆపేశాడు.

"ఏం లేదు సారూ. ఊర్ల మా ఇంట్ల నా మగ్గం ఉన్నది. పదకొండేండ్ల కింద ఆఖరు చీర కోసిన. నేతోడు బట్ట కోసినాక ఆ మిగిలిన పోగులు తియ్యడు. అట్లనే ఉంచుతడు. కొత్త పడుగు, అదే నిలువు పోగులు, తెచ్చి, ఒక్కో పోగు ఆ పాత పోగుకు అతుకుతడు. అవి ఉన్నయంటే మగ్గం నడుస్తున్నట్టు. అవి తీస్తే ఇగ కథ అయిపోయినట్టు. వచ్చే వారం పడుగు అతుకుత అని మా తమ్మునికి చెప్పి బస్సెక్కిన. ఆ వారం ఇంకా రాలే."

"పదకొండేళ్లా!"

"దసరాకు పోయినప్పుడల్ల దుమ్ము దులిపి, వేపాకు పెట్టి, పాత చీర కప్పి వస్త. పోగులు నాలుగు వేలు. ఇక్కడ నేను నేర్చిన మాటలు గూడ లెక్కేస్తే గంతే ఉంటయి. నాలుగు వేల ఇంగ్లీషు మాటలు తెలిసినోణ్ణి అని ఈ గల్లీల ఛాతీ ఇరుసుకొని తిరుగుతున్న. మా ఇంట్ల ఏలాడేదానికి ఇంగ్లీషుల పేరున్నదని నిన్న రాత్రి దాకా తెల్వదు. ఎంత తెలివిగల్లోన్నో చూడుండ్రి."

"మరి రాయడానికేమయింది?" అన్నాడు పట్టాభి మెల్లగా.

జవాబుగా ఫోను మోగింది. ఈసారి భూలక్ష్మి లేచి వచ్చి, స్పీకరు నొక్కి బల్ల మీద పెట్టింది.

"అన్నా! పొద్దటి సంది చేస్తున్న. ఎత్తవేంది?" ఊళ్లో ఉన్న తమ్ముడు లింగస్వామి గొంతు. "హోటలాయన మళ్ల చేసిండు. ఇయ్యాల సాయంత్రం లోపట అవునో కాదో చెప్పమంటుండు. అవునంటే ఆదివారం డీసీఎం వ్యాను పంపిస్తడంట."

పట్టాభికి సంగతంతా అప్పుడు తెలిసింది. ఎల్బీనగర్ చౌరస్తా దాటాక ఎవరో కొత్త హోటల్ పెడుతున్నారు. లోపలికి రాగానే ఎదురుగా అలంకారానికి ఒక పాత మగ్గం ఉండాలని వాళ్ల ముచ్చట. లింగస్వామికేమో బండి పెట్టుకోవడానికి మగ్గం ఉన్న గది కావాలి. పోయిన వారం అడిగితే సిద్ధిరాములు అవుననలేదు, కాదనలేదు, శుక్రవారం చెబుతానన్నాడు. ఈరోజు శుక్రవారం.

"నా బండి వానల తడుస్తున్నదే అన్నా. నువ్వు ఎట్లాగు నేసేది లేదు. కనీసం నలుగురు చూస్తరు."

"నిజమే లింగా" అన్నాడు సిద్ధిరాములు. గొంతు మరీ చిన్నదైంది. "నిజమే. నేనేం నేస్త? నా ఏళ్లకు బటన్లు ఒత్తుడు తప్ప ఏమొస్తది? తీస్కపొమ్మను..."

భూలక్ష్మి ఈసారి డాడిల్ అని కూడా అనలేదు. దానికే పట్టాభికి భయం వేసింది.

"మంచిది. ఇంకో ముచ్చట" అన్నాడు లింగస్వామి, పని అయిన హుషారులో. "ఆ ఏలాడే పోగులు మాసిపోయి మంచిగ కనవడ్తలేవంట. కత్తిరించి పారేసి, రంగురంగుల నైలాన్ దారాలు కడ్తరంట. లైట్ల కింద మెరుస్తయంట."

"ఏం దారాలు?"

"నైలాన్."

సిద్ధిరాములు లేచి నిలబడ్డాడు. ఆ లేవడంలో స్టూలు వెనక్కి పడింది.

"నైలానా? నా మగ్గానికా? వాడు అన్నం పెట్టే హోటల్ పెడ్తుండా, పెండ్లి టెంటు ఏస్తుండా? లింగా, ఇను. వాణ్ని నా మగ్గం దిక్కు రావొద్దను. పోగులు ఒక్కటి ముట్టినా బాగుండదు. నేనే వస్తున్న. ఆదివారం పొద్దున బస్సుకు."

"వచ్చి?"

"పడుగు అతుకుత."

ఫోనులో లింగస్వామి "నువ్వా?" అన్నాడు. ఆ రెండక్షరాల్లో తోడబుట్టిన వాడికి మాత్రమే చేతనయ్యే ఎగతాళి ఉంది. "నీకు కండ్లద్దాలు లేకుంటే పోగు కనవడ్తదా అన్నా?"

"అద్దాలు పెట్టుకునే అతుకుత. పది రోజులు బండికి కవరు కప్పుకో. ఒక్క చీర నేస్త. అటెన్క చూద్దాం."

"ఎవరికి చీర?"

సిద్ధిరాములు వెనక్కి చూడలేదు. భూలక్ష్మే ఫోను దగ్గరకు వంగి చెప్పింది. "నాకు లింగా. పద్మశాలోని పెండ్లాన్నయి పదకొండేండ్ల సంది ఈ దుకాణాలల్ల ఒకటి కొంటే ఒకటి ఫ్రీ చీరలు కట్టుకుంటున్న. మీ అన్న బస్సెక్కే రోజు చెప్పిండు, వచ్చే వారం పడుగు అతికి నీకే నేస్త అని. అడిగిన్నా? ఒక్కనాడన్న అడిగిన్నా?" అని ఫోను పెట్టేసి, తన మిషన్ దగ్గరకు పోయి కూర్చుంది. కాయితాలకు చిల్లులు మునుపటికన్నా గట్టిగా పడుతున్నాయి.

సిద్ధిరాములు సుద్దముక్క తీసుకుని బయటికి వెళ్లాడు. బోర్డు మీద ఖాళీ జాగాలో రాశాడు. మూడు, బట్ట కోసినాక మగ్గానికి మిగిలే పోగులు. ఒక్క క్షణం ఆగి, కింద ఇంకో వాక్యం రాశాడు. కొత్త పడుగును వీటికే అతుకుతారు.

"ఈ రెండో వాక్యం డిక్షనరీలో లేదు అంకుల్" అంది అలేఖ్య, సెల్‌ఫోను చూస్తూ.

"అది రాసినాయన మగ్గం ఎక్కలే బిడ్డా."

ఆమె నవ్వుకుంటూ రాసుకుని పోయింది. సిద్ధిరాములు లోపలికి వచ్చి రెండు చేతులూ ముందుకు చాచి, వేళ్లు చూసుకున్నాడు. కొసలన్నీ టోనర్ పొడితో నల్లగా ఉన్నాయి. బొటనవేలు, చూపుడువేలు కలిపి గాలిలో ఏదో మెలితిప్పబోయాడు. వేళ్లు ఒకదాని మీంచి ఒకటి జారిపోయాయి. మళ్లీ ప్రయత్నించాడు. మళ్లీ జారాయి.

"కోపంల అన్న గని సారూ" అన్నాడు, గొంతు తగ్గించి. "నాలుగు వేల పోగులు. ఊర్ల అందరొచ్చి నిలవడి చూస్తరు. మా లింగడు కుర్సీ ఏస్కొని కూసుంటడు. ఒక్క పోగు అతుకకుంటే నా ఇంగ్లీషంత ఎత్తిపొడుస్తరు."

"మరేం చేద్దామంటారు?"

"ఏం జేస్తం? ఇది దిల్‌సుఖ్‌నగర్. పరీక్ష ముందల ఇంత ఆలస్యంగ మేల్కొన్నోడు ఏం చేస్తడు? రెండు రోజుల క్రాష్ కోర్సు." బల్ల కింది నుంచి దారపు ఉండ ఒకటి తీసి పెట్టాడు. "నూలు దారమే. దీన్నే తెంపి తెంపి అతుకుత. సారు భూలక్ష్మే. ఈమె చిన్నప్పుడు వాళ్ల నాయినకు అతికిచ్చింది. నాకన్న మంచిగ వచ్చు, ఇన్నేండ్లు చెప్పలే నేను."

వెనక చిల్లులు పడే చప్పుడు ఆగింది. "ఫీజు ముందల కట్టాలె" అంది భూలక్ష్మి. "టోనర్ చేతులతోని నా క్లాసుల కూసోనియ్య. సబ్బు పెట్టి కడుక్కో పో."

సిద్ధిరాములు బుద్ధిగా బకెట్ దగ్గరకు నడిచి, మధ్యలో ఆగి వెనక్కి తిరిగాడు.

"పట్టాభి సారూ, మీరు ఇగ లేవాలె. పొద్దువోతది. అతికేటప్పుడు ఏళ్లకు బూడిద అద్దుకోవాలె, లేకుంటే పోగు పట్టు చిక్కది. ఈ గ్యాస్ పొయ్యిలల్ల బూడిద ఏడికెళ్లి వస్తది? మీ చంపాపేట్ మలుపుకు దశరథ ఇస్త్రీ బండి ఉన్నది గదా, ఇంకా బొగ్గులే వాడ్తడు. గుప్పెడంత మెత్తటి బూడిద జల్లెడ పట్టిచ్చి, కాయితంల పొట్లం కట్టి తెండ్రి. ఎందుకని అడిగితే మాత్రం, పండ్లు తోముకునేతందుకు అని చెప్పుండ్రి."