ఇద్దరు ఆదెప్పలు

మల్లేశ్వరి మొగుడు ఆదెప్ప ఒక్కడే. ఎమ్మిగనూరులో మగ్గం నేస్తాడు, మధ్యాహ్నం అన్నానికి ఇంటికొస్తాడు, కోపమొస్తే రెండు రోజులు మాట్లాడడు. మా ఆఫీసు కంప్యూటరు లెక్కలో మాత్రం అతను ఇద్దరు. ఆ తప్పులో నాకూ వాటా ఉంది.

ఆఫీసు ఆదోనిలో. మల్లేశ్వరి పక్క కుర్చీ నాది. పల్లెల నుంచి వచ్చిన కుటుంబాల వివరాలు చూసి, ఎవరికి ఎవరు ఏమవుతారో కంప్యూటరుకు చెప్పడం మా పని. తల్లెవరు, తమ్ముడెవరు అని మేం చెబితే, మిగతా చుట్టరికాలు అదే ఆలోచించి తేలుస్తుంది. పుట్టుకతో వచ్చే జబ్బులకు ఏ పిల్లల్ని పరీక్షించాలో దాన్నిబట్టి ఆసుపత్రికి చెబుతుంది. అది చెప్పిన పిల్లలకే రక్తపరీక్ష. మల్లేశ్వరి ఈ పనిలో చేరిందే అందుకు. ఆమె నాలుగేళ్ళ కూతురికి చెవులు వినపడవు.

ఆ కంప్యూటరుకు ఎవరో పెద్ద చదువుల మనిషి ఒక నియమం నేర్పిపెట్టాడు. తల్లికి తమ్ముడైనవాడు మొగుడు కాలేడట. అక్క కూతుర్ని చేసుకున్న ఇల్లు లేని వీధి మా వైపు ఎక్కడుంది? మల్లేశ్వరి తల్లి భీమమ్మ ఆదెప్పకు సొంత అక్క. అలాంటి ఇల్లు ఎక్కించిన ప్రతిసారీ తప్పని తెర మీద ఎర్ర గీత పడేది. ఆ కంప్యూటరును నడిపే బెంగళూరు కంపెనీ వాళ్ళకు మల్లేశ్వరి ఆరుసార్లు రాసింది. పరిశీలిస్తున్నామని ఆరుసార్లూ జవాబొచ్చింది. నాకు ఒళ్ళు మండిపోయేది.

పని అప్పగించడానికి శుక్రవారం గడువు. ఎర్ర గీత ఒక్కటున్నా మొత్తం తిప్పి పంపుతామన్నారు. సూపర్‌వైజరు శివశంకర్ కూడా అక్క కూతుర్ని చేసుకున్నవాడే. అతనొచ్చి, మేనమామను ఒక మనిషిగా, మొగుణ్ణి ఇంకో మనిషిగా రాసెయ్యమన్నాడు.

"ఇద్దరూ ఒగరేనని నీకు తెల్దా అన్నా?" అంది మల్లేశ్వరి.

"నాకు తెలుసమ్మా. ఆ మిషన్‌కు తెల్దు కదా. తర్వాత వాళ్ళే సరిసేస్తారులే."

చేస్తారని మేమూ సర్దిచెప్పుకున్నాం. గీతలన్నీ పోయాయి. ఆమె తన ఇంటిని చివరిదాకా అట్టిపెట్టుకుంది. అదీ రాసేసి ఎమ్మిగనూరు బస్సెక్కింది.

రెండు నెలలకు పరీక్షల జాబితా వచ్చింది. పాప పేరు లేదు. తల్లిదండ్రుల మధ్య రక్తసంబంధం లేదు కాబట్టి అవసరం లేదని ఉంది. మల్లేశ్వరి పాపను చంకనేసుకుని ఆసుపత్రికి పోయి, తన మొగుడు మేనమామేనని చెప్పుకుంది. ఇక్కడ ఇద్దరున్నారే, ఇది ఎవరు రాశారని డాక్టరు అడిగాడు.

"నేనే రాసినా సార్."

మరుసటి రోజు ఎవర్నీ అడక్కుండా తన ఇంటి ఆదెప్పలను మళ్ళీ ఒక్కణ్ణి చేసింది. ఎర్ర గీత పడింది. ఇంకో ఇల్లు తెరిచి సరిచేసింది. ఇంకో గీత. ఉద్యోగం పోతుందని శివశంకర్ నెత్తీనోరూ బాదుకున్నా తలెత్తలేదు. సాయంత్రానికి ఆమె తెరంతా ఎరుపే.

నేను అలా ఒకర్ని ఇద్దరు చేసిన ఇళ్ళు, ఒక్క కైరుప్పల ఊళ్ళోనే, ముప్ఫై ఎనిమిది. ఏ ఇంట్లో చెవులు వినపడని బిడ్డ ఉందో నాకు తెలియదు. వాటిని నేనింకా ముట్టుకోలేదు.