పైనీళ్ళ సార్

గోపాలరావు సార్‌కు ఒక్కటే పిచ్చి. చేప కనవడితే చాలు, "ఇది పైనీళ్ళదేనా?" అని అడుగుతడు. పైనీళ్ళంటే సముద్రంల ఎండ దిగేటంత లోతు. ఆ కిందికి ఆయన మాట దిగదు.

నేను నాచారం మార్కెట్ల చేపలమ్మేదాన్ని. చదివింది రెండో తరగతే గని, నా తక్కెడకు వంక వెట్టినోడు ఇంకా పుట్టలే. రెండువేల తొమ్మిదిల, ఎండకాలం, ఓ ఆదివారం లారీవాడు పెట్టెలు మార్చిండు. చెరువు బొచ్చెలు రావాల్సిన కాడ సముద్రపు కానాగంతలు దింపిపోయిండు. మావోళ్ళు వాటి మొకం సూడరు. ఐసు కరుగుతుంది. అవి పాడైతే నా దుకాణం మూతే.

అప్పుడొచ్చిండు సార్, ఎనక నాలుగు పిల్లులతోటి. ఏదో ఆఫీసు లైబ్రరీల పనిజేసి రిటైరైన మనిషి, కాకినాడ దిక్కు.

"సారలమ్మా! పైనీళ్ళలో కంటికి కనపడని పచ్చ నలుసులు ఎండ తాగి బతుకుతాయి. వాటిని తిని ఈ చేప బతుకుతుంది. నువ్వమ్మేది చేప కాదు, ఎండ!"

"ఎండ ఎవలు కొంటరు సార్? ఉప్పల్ల పుక్కట్ల దొరుకుతది."

ఆయన ఆగితేగా! పోయేటోళ్ళనందరినీ ఆపుడు వెట్టిండు. "మనం పీల్చే ప్రాణవాయువులో సగం ఆ నలుసుల దయే. దండం పెట్టండి!"

ఉల్లిగడ్డలకని పోతున్న మల్లవ్వ నా చెవుల అన్నది: "జల్ది కిలో కట్టక్కా, లేకుంటే ఈ సార్ నన్ను సముద్రంల ముంచుతడు."

గట్ల తప్పించుకునేటందుకు కొన్నోళ్ళతోటే పన్నెండు కొట్టకముందే పెట్టెలు ఖాళీ! తిన్నోళ్ళు మళ్ళ ఆదివారం మళ్ళొచ్చిన్రు. కానాగంతల గంప నా దుకాణంల పర్మనెంటయింది. అమ్మంగ మిగిలిన కిలో ప్రతివారం సారే తీస్కపోతుండె. నా పొయ్యిల పిల్లి పండలేదంటే ఆయన నోటి పుణ్యమే.

నాలుగేండ్లకు బుద్ధిపుట్టి, చేపల పులుసు వండుకొని వాళ్ళింటికి పోయిన. ఆయన భార్య శ్యామలాదేవమ్మ తలుపు తీసి, కొంగు ముక్కుకు అడ్డం వెట్టుకున్నది.

"మేం చేప తినం కదమ్మా! మా వంటింట్లోకి ఉల్లిపాయే భయపడుతూ వస్తుంది."

"మరి నాలుగేండ్ల సంది తెచ్చిన కిలోలు?"

"ఆ పిల్లుల్ని చూడు, ఎలా బలిశాయో! నువ్వా రోజు పెట్టెల ముందు కళ్ళు తుడుచుకోవడం చూశారట."

నేను కండ్లు తుడుసుకున్ననా? చెమట అది!

మళ్ళ ఆదివారం సార్ సంచిల కిలో లేత బెండకాయలేసి మూతి గట్టి ఇచ్చిన. పిల్లులకు చేప తలకాయలు నేనే ఏసిన.

ఆ పైవారం అడిగిన: "చేప ఎట్లుండె సార్?"

"అద్భుతం సారలమ్మా. ఒక్క ముల్లు లేదు!"

"ఏ నీళ్ళది?"

"పైనీళ్ళదే. ఎండ బాగా తగిలింది."