స్టాండర్డ్ అయిపోయిన మా బావ పాట

నిన్న పొద్దున బిలాస్‌పూర్ నుంచి అక్క ఫోన్ చేసింది. "మీ బావ ఎల్లిపోనాడే" అంది.

షాక్. నమ్మలేదు.

నెహ్రూ నగర్‌లో వాళ్ల పక్కింటికి ఫోన్ చేసి మళ్లీ కనుక్కున్నాను. ఒక్కరు చెబితే నమ్మొద్దని నాకు నేర్పింది ఆయనే.

నిజమేనట. నిద్రలోనే పోయాడట.

అప్పలరాజు బావ. మా అక్క మొగుడు. లోకో షెడ్‌లో ఫిట్టర్. డ్యూటీ దిగితే హార్మోనియం. రైల్వే ఇన్‌స్టిట్యూట్‌లో, అంటే ఉద్యోగుల క్లబ్బులో, మన తెలుగువాళ్లు వేసే నాటకాలకి పాటలు కట్టేది ఆయనే.

అనుమానం మాత్రం ఆయన ఇంటిపేరు. సదర్ బజార్‌లో పుచ్చకాయ కోసి చూపిస్తే, ఆ ముక్క వేరే కాయదనేవాడు. టీలో పంచదార కాస్త ఎక్కువైతే అక్క ఏదో అడగబోతోందని కనిపెట్టేసేవాడు.

ఎనభైల్లో ఒక దసరా నాటకానికి ఆయనొక పాట కట్టాడు. మొగుడొచ్చే బండి కోసం హీరోయిన్ ఎదురుచూసే సీన్. స్టేజి మీద పాడింది నేనే. నాటకం ఆ ఒక్క రోజుతో సరి. జనం మర్చిపోయారు.

కొన్నాళ్లకి అదే ఇన్‌స్టిట్యూట్‌లో, శనివారం డాన్స్‌కి వాయించే బ్యాండు ఆ పాట ఎత్తుకుంది.

శాక్సఫోన్ పీటర్ సాబ్‌ది. ఆంగ్లో ఇండియన్, గూడ్సు గార్డు. మా నాటకం రోజు ముందు వరుసలో కూర్చుని విన్నాడు. దొంగతనం అనడానికి బావకి ఆ ఒక్క ఆధారం చాలు.

పీటర్ సాబ్ జాజ్ మనిషి. పాటని ముందు ఉన్నదున్నట్టు వాయించి, ఆ తర్వాత ఎటెటో తిప్పుకెళ్లేవాడు. ఒక వారం తిప్పినట్టు ఇంకో వారం తిప్పడు.

బావ ఇన్‌స్టిట్యూట్ వరండాలో చేతులు కట్టుకుని నిలబడి వినేవాడు.

"సూసినావేటి? దొంగ సైకిల్‌కి రంగు మార్సినట్టు మార్సేస్తన్నాడు."

ఒకరోజు స్టేషన్‌లో నిలదీశాడు. పీటర్ సాబ్ నవ్వి, "అరే రాజూ, తేరా గానా తో స్టాండర్డ్ బన్ గయా" అన్నాడట. నీ పాట స్టాండర్డ్ అయిపోయింది అని.

అంతే. బావ ఇంటికొచ్చి అన్నం ముట్టలేదు.

షెడ్‌లో స్టాండర్డ్ సామాను అంటే ఏ ఇంజన్‌కైనా బిగించేది. దాని మీద ఎవరి పేరూ ఉండదు.

"నా పాట అట్టుకెళ్లి రైల్వే సామాన్లో కలిపేసినాడు. ఇంక నాను పాట కట్టను."

హార్మోనియం అటకెక్కింది. తర్వాతి నాటకం రిహార్సల్స్ మొదలయ్యాయి. పాటలు మాత్రం లేవు.

ఒళ్లు మండి నేనే వెళ్లి పీటర్ సాబ్‌ని అడిగాను. ఆయన ఓపిగ్గా హిందీలో చెప్పాడు. ఏదో నాటకానికని ఎవరో పాట కడతారు. నాటకం పోతుంది, పాట మిగులుతుంది. ఆ తర్వాత వాయించే ప్రతివాడూ దాన్ని తన తీరులో వాయించుకుంటాడు. జాజ్‌లో దాన్ని స్టాండర్డ్ అంటారు, ఒక పాటకి అంతకన్నా పెద్ద మర్యాద లేదు.

మరి మా బావ పేరో?

మొదలెట్టే ముందు మైకులో చెబుతూనే ఉన్నానన్నాడు. మీ బావేమో పాట సగంలో వచ్చి బయట నిలబడితే నేనేం చెయ్యను అన్నాడు.

ఆ శనివారం బావ ముందే వెళ్లి ఎదురుగా కూర్చున్నాడు. పీటర్ సాబ్ మైకులో ఆయన పేరు చెప్పాడు. జనం చప్పట్లు కొట్టారు.

బయటికొచ్చి బావ అన్న మాట, "నన్ను సూసి సెప్పినాడు."

పై వారం తను కిటికీ వెనక దాక్కుని నన్ను లోపల కూర్చోబెట్టాడు. పీటర్ సాబ్ మళ్లీ చెప్పాడు.

"నిన్ను సూసి సెప్పినాడు."

ఈ మనిషితో ఎవరు వేగగలరు చెప్పండి.

అయినా హార్మోనియం కిందికి దిగింది. కొత్త నాటకానికి పాటలొచ్చాయి. పీటర్ సాబ్ చెవిన పడకుండా తలుపు గడియ వేసుకుని మరీ కట్టాడు.

తొంభైల్లో పీటర్ సాబ్ రిటైరై ఊరు వదిలి వెళ్లిపోయాడు. బావ మాత్రం ఎప్పుడడిగినా "దొంగే" అనేవాడు.

ఆ కచ్చతోనే పోయాడని నాకు చాలా బాధనిపించింది. ఇందాక అక్కతో అదే అన్నాను.

అక్క గొంతు తగ్గించింది.

"మీ బావ పొద్దుట గెడ్డం గీసుకుంటా ఆ పాటే పాడేవోడే. తను కట్టినట్టు కాదు. పీటర్ సాబు తిప్పినట్టు, రోజుకో రకం. ఎవులికీ సెప్పొద్దన్నాడు."

అందరికీ చెప్పేశాను బావా.

కోపమొస్తే లేచి రా. రాలేకపోతే, ఇంకెవర్నీ అనుమానించకుండా హాయిగా పడుకో.