భాస్కర్ గారు గంగన్న కోసం అడిగిన వేషం

పొద్దున్నుంచి మన అసోసియేషన్ గ్రూపులో ప్రొఫెసర్ భాస్కర్ గారి ఫోటో కింద దండం బొమ్మలు పెడుతున్నారే, పోయిన నెల ఆయన్ని రిహార్సల్ హాల్లోంచి బయటికి పంపింది మీరు కాదా?

నిన్న మెట్రోలో ఉండగా, ఆయన పోయారన్న కబురు తెలిసింది. హార్ట్ ఎటాక్.

దిగాల్సిన స్టేషన్ దాటిపోయింది. అలాగే కూర్చుండిపోయాను.

మేము స్నేహితులం కాము. నేను సజ్జా కూలీల క్యాంపులో సెలవురోజు పురాణం చెబుతాను. ఆయన దేవుడే లేడనే మనిషి. నాటకాల్లో ఏ రంగు మనిషికి ఏ వేషం ఇస్తారు, ఎందుకిస్తారు అన్నదే ఆయన రీసెర్చ్. ఈ ఎడారి దేశపు యూనివర్సిటీలో చెప్పే పాఠం కూడా అదే. మన పురాణాల మీద ఈయన పెత్తనం ఏమిటని నేనూ తిట్టుకున్నాను.

ఆ రోజు మన అసోసియేషన్ పౌరాణిక నాటకం రిహార్సల్.

గంగన్న సజ్జాలో టైల్స్ మేస్త్రీ. దేవుడి పద్యాలన్నీ నోటికి వచ్చు. ఇచ్చింది మాత్రం రాక్షస వేషం, వరసగా ఐదో ఏడు. దేవుడి వేషమేమో, పద్యాలు కాగితం చూసి చదివే ఆఫీస్ మేనేజర్‌కి. తెల్లగా ఉంటాడని!

బిల్డింగ్ సెక్యూరిటీ, ఉగాండా మనిషి, ఆయన్నీ లాక్కొచ్చి రాక్షస సేనలో నిలబెట్టారు.

మేకప్ చేసేవాడు నవ్వాడు. "నీకు రంగు దండుగనే గంగన్నా! గట్లనే స్టేజెక్కు."

"మంచిదే తియ్, కడుక్కునే పని తప్పింది" అన్నాడు గంగన్న, తల దించుకుని.

దేవుడి వేషం గంగన్నకే ఇవ్వమన్నారు భాస్కర్ గారు. తర్వాత నా వైపు తిరిగారు. "స్వామీ, ఆ పురాణం పుస్తకం ఎప్పుడూ మీ చేతిలోనే ఉంటుంది కదా. అందులో మీ దేవుడిది ఏం రంగండీ?"

నీలమేఘశ్యాముడు. ఆ పొద్దున్నే నేను పాడిన మాట.

పేజీలు తిప్పుతూ కూర్చున్నాను.

సెక్రటరీ లేచాడు. "ప్రొఫెసర్ సాబ్, మీ రీసెర్చ్ ఖలాస్. యల్లా, బయటికి నడవండి."

ఒక్కరే నడిచారు. మీరు చప్పట్లు కొట్టారు.

సిగ్గు లేదూ! నల్లనయ్యకి హారతి పట్టి, నల్ల మనిషిని రాక్షసుడంటారా? ఒంటి రంగే రాక్షసుణ్ణి చేస్తుందని ఏ శ్లోకంలో ఉంది? చేసిన పనే చేస్తుందని ప్రతి అధ్యాయమూ మొత్తుకుంటోంది.

ఇప్పుడు ఆ నాటకాన్నే ఆయనకి అంకితం ఇస్తారట. వేషాల లిస్టు మాత్రం అదే!

ఇవాళ సాయంత్రం ఐదింటికి కరామా హాల్లో చివరి రిహార్సల్. షో అయిన వారానికే గంగన్న వీసా ఖలాస్, ఊరికి వెళ్ళిపోతాడు. ఆ దేవుడి వేషం ఇప్పుడు రాకపోతే అతనికి ఇక రాదు.

భాస్కర్ గారూ, ఆ రోజు జవాబు చెప్పనందుకు క్షమించండి. వెళ్ళి రండి. మీకు శాంతినివ్వమని మీరు నమ్మని దేవుణ్ణే అడుగుతున్నాను.

మిగతావాళ్ళు ఫోన్లు పక్కన పెట్టండి. ఐదు కొట్టేలోగా హాలుకి రండి. ఆ లిస్టు మీ చేత్తోనే దిద్దండి. ఇవాళే.