రెండు నొక్కితే చాలు

పొద్దున ఏడున్నరకు కర్నూలులో నంద్యాల బస్సెక్కాను. అక్కడి నుంచి ఎర్రగుంట్లకు రైలు. ఈ ప్రయాణం నేను కోరి పెట్టుకున్నది కాదు. మా అక్క భర్త ఓబులేసు బావ ఇరవై ఏళ్లు పార్టీ జెండా మోసి, ఈసారి ఎమ్మెల్యే టికెట్ అడుగుతున్నాడు. టికెట్ ఎవరికివ్వాలో పార్టీ ఫోన్ సర్వేతో తేలుస్తుందట. రికార్డు గొంతు పేర్లు చదువుతుంది, నచ్చిన పేరు అంకె నొక్కాలి. నా ఓటు ఇంకా ఎర్రగుంట్ల పక్కన బావావాళ్ల ఊళ్లోనే ఉంది.

"నువ్వు అయివారివి గదా, మన ముసిలోళ్లకు నొక్కేది నేర్పిచ్చి పో" అన్నాడు బావ, నేను బడిపంతులునని.

రైల్లో నా ఎదురుగా బేతంచెర్లలో బండలు పాలిష్ పట్టే ఆయన కూర్చున్నాడు. సర్వే సంగతి ఎత్తితే నవ్వాడు. "నాకూ వచ్చిందప్పా. లోన్లిచ్చేటోళ్లేమోనని కట్ చేసినా." నాయకులను ఎంచే పద్ధతి ఇదా అని ఒళ్లు మండింది.

ఒంటిగంటకు దిగి బావకు ఫోన్ చేశాను. ఎత్తలేదు. అక్కా ఎత్తలేదు. ఈ దారిన వచ్చేవాళ్లు నీళ్లు వెంట తెచ్చుకోండి. అరగంట ఎండలో నిలబడి, ఆటోకు రెండొందలు పోసి ఇల్లు చేరితే, వసారాలో వీధివాళ్లవి పదకొండు ఫోన్లు వరసగా పెట్టి ఉన్నాయి.

"తెలిసిన నంబరేదీ ఎత్తొద్దని అందరికీ చెప్పినా. సర్వే ముగిసేదాకా లైను ఖాళీగా ఉండాల" అన్నాడు బావ.

"నేను స్టేషన్లో ఎండిపోయినా ఫరవాలేదా?"

"కోపం చేసుకోవద్దప్పా. ఆ లారీల సుబ్బయ్య నిన్నగాక మొన్న పార్టీలోకొచ్చినోడు. టికెట్ వానికి పోతే నేను తల యాడ పెట్టుకోవాల?"

ఆ మాటకు నా కోపం సగం చల్లారింది. సర్వేలో బావ పేరు రెండోదని పార్టీ ఆఫీసులో ఎవరో చెప్పారట. చీకటిపడేదాకా వీధిలో వాళ్లందరినీ కూర్చోబెట్టి రెండు నొక్కడం నేర్పించాను. మగ్గం నేసే సుంకమ్మవ్వ మాత్రం నా పాఠం అక్కర్లేదంది. "నాకు పొద్దున్నే వచ్చింది నాయనా. ఆయమ్మ ఇంకా మాట్లాడ్తానే ఉండాది, నేను రెండు నొక్కేసినా." బావ ఆమె చేతులు పట్టుకుని కళ్లకద్దుకున్నాడు.

మర్నాడు ఎనిమిదింటికి, ఉగ్గాని తిని తిరుగు రైలెక్కాను. జమ్మలమడుగు దాటాక నా ఫోన్ మోగింది. అదే సర్వే. వెంటనే రెండు నొక్కబోయి, ఒకసారి విందామని ఆగాను. ఒకటి, ఎవరో డాక్టరు. రెండు, లారీల సుబ్బయ్య. మూడు, ఇద్దరూ వద్దు. బావ పేరే లేదు.

ఇరవై ఏళ్లు జెండా మోసిన మనిషి పేరు అడగడానికైనా పనికిరాలేదు. పైగా ఊరందరికీ నేనే సుబ్బయ్యకు నొక్కడం నేర్పించాను. వెంటనే బావకు చేశాను. మోగి మోగి ఆగిపోయింది. అక్కకు చేశాను. నంద్యాల వచ్చేదాకా చేస్తూనే ఉన్నాను.

ఎవరూ ఎత్తలేదు. నాది తెలిసిన నంబరు.