టైరు గాడులు పూడ్చిన పొద్దులు

ఆఫీసులో ఆడవాళ్ళకు ఫుట్‌బాల్ పోటీ పెడుతున్నారు, ఎవరికైనా ఆట వచ్చా అని మా పోచారం క్యాంపస్ గ్రూపులో మెసేజ్ వచ్చినప్పుడు, ఫోను చేతిలోనే ఉండటంతో నాకు వచ్చు అని టక్కున కొట్టి పంపేశాను. పంపాక గానీ గుర్తు రాలేదు, ఆట వచ్చింది నాకు కాదు, మా చెల్లెకు.

ప్రాక్టీసుకు దగ్గర్లో గ్రౌండ్ ఏముందా అని అదే ఫోన్‌లో వెతికితే నాచారంలో, మూతబడ్డ ఫ్యాక్టరీ షెడ్డు పడగొట్టిన చోట వేసిన టర్ఫ్ ఒకటి కనబడింది. పచ్చటి ప్లాస్టిక్ గడ్డి, నాలుగు దిక్కులా వల, కావలసిన గంట మీద వేలు పెడితే ఆ గంట మనది. పది రూపాయల రీచార్జితో, మిస్డ్ కాల్స్‌తో కాలేజీ రోజులు గడిపిన మా ఈడు వాళ్ళకే ఇది చెబుతున్నాను, ఒక్క గంట గ్రౌండ్ కోసం ఎంతమందితో కొట్లాడాల్సి వచ్చేదో ఇప్పటి పిల్లలకు చెబితే నమ్మరు. నేను కొట్లాడాను. నా నోరు అప్పుడూ ఇంతే.

చెల్లె అంటే మా చిన్నమ్మ బిడ్డ. మా నాన్న, చిన్నాయన నల్లగొండ వైపు నుంచి నాచారం ఫ్యాక్టరీల్లో పనికి వచ్చినవాళ్ళు, నాన్నది ఇంజనీరింగ్ యూనిట్, చిన్నాయనది మందుల కంపెనీ, ఒకే గల్లీలో ఎదురెదురు ఇళ్ళు. చిన్నాయన షిఫ్ట్ దిగి వస్తే ఆయన చొక్కా వాసనకు మాకు తలనొప్పి వచ్చేది. గల్లీలోకి నీళ్ళ ట్యాంకరు వచ్చిందంటే బిందెలతో అందరూ మీద పడేవాళ్ళు, చెల్లె మాత్రం ఎవరినీ నెట్టకుండా, ఎవరికీ తగలకుండా ఎట్లానో పైపు దగ్గర తేలేది. జనం మధ్య సందు ఎక్కడ తెరుచుకుంటుందో తనకు ముందే తెలిసేది. తర్వాత బంతితో తను చేసింది కూడా అదే.

మా డిగ్రీ కాలేజీలో ఆటల పీడీ మేడమ్ ఫుట్‌బాల్ టీమ్ పెట్టడానికి గొప్ప కారణమేమీ లేదు, చుట్టుపక్కల ఆడపిల్లల కాలేజీల్లో ఆ ఆట ఆడేవాళ్ళు తక్కువ కాబట్టి తొందరగా పైకి పోవచ్చని పెట్టింది. ఖోఖో పిల్లలను, ఎన్‌సీసీ పిల్లలను పట్టుకొచ్చింది. నీ నోటికి భయపడైనా ఎవరూ దగ్గరికి రారు అని నన్ను వెనక డిఫెన్సులో నిలబెట్టింది. మరుసటేడు కాలేజీలో చేరిన చెల్లెను అందరికంటే ముందు, ఫార్వర్డ్‌గా నిలబెట్టింది, ఆ చోటు నుంచి మళ్ళీ కదపలేదు. చెల్లె బంతిని ఎడమకాలి కిందికి తీసుకుని, ఏదో మరిచిపోయినట్టు ఒక్క క్షణం ఆగేది. ఎదుటి పిల్ల కూడా ఆగేది. ఆ క్షణంలోంచే తను జారుకుని వెళ్ళిపోయేది. నేను వెనక నిలబడి, ఆట మధ్యలో కూడా చూస్తూ ఉండిపోయేదాన్ని.

మొదటి ఏడే కాలేజీల పోటీల్లో తన పేరు వినబడింది, రెండో ఏడు యూనివర్సిటీ టీమ్‌లోకి తీసుకున్నారు. జిల్లా పేపర్లో ఫోటో పడింది, పక్కన ప్రకటన కోసం సగం మొహం కోసేస్తే చిన్నమ్మ ఆ సగం మొహాన్నే లామినేషన్ చేయించి గోడకు కొట్టింది. ఆదివారాలు ఆడుకునే ఫ్యాక్టరీ మగపిల్లలు కూడా మేడమ్ వెంటబడ్డారు.

"మేడం, గా ముందట ఆడే పొల్లను ఒక్క ఆదివారం మాకియ్యరాదు?"

"ఇస్త తియ్. మీ పదకొండు మందిని నాకియ్యి, కాలేజీ ఊడ్పిస్త."

మా గ్రౌండ్ ఉప్పల్‌లో ఉండేది. గ్రౌండ్ అని మేమే అనుకున్నాం, స్టేడియంలో క్రికెట్ ఉన్న రోజున అది పార్కింగ్. సున్నంతో గీతలు గీసి, తాళ్ళు కట్టి, మా గోల్ స్తంభాల నడుమ కూడా కార్లు పెట్టేవాళ్ళు. మరునాడు పొద్దున మేమంతా ఒక వరసలో, చెయ్యి చాపితే పక్కపిల్లకు తగిలేంత ఎడంలో నిలబడి, ఈ చివర నుంచి ఆ చివరకు తలలు వంచుకుని నడిచేవాళ్ళం. సీసా పెంకులు ఏరి, టైరు గాడుల్లో మట్టి పోసి మడమలతో అదిమేవాళ్ళం. అదయ్యాకే బంతి. మేడమ్ దాన్ని వార్మప్ అనేది.

ఒకసారి మేం ఆడుతుండగానే పార్కింగ్ వాళ్ళు తాళ్ళు పట్టుకుని వచ్చారు. మెడలో విజిల్ వేసుకున్న ఒకాయనకు ఎదురుపోయాను.

"అన్నా, ఆడుతున్నం, కనవడుతలేదా?"

"కనవడుతున్నది. జర జరుగుర్రి, బండ్లొస్తున్నయ్. ఏం ఆట మీది?"

"ఫుట్‌బాల్."

"ఆడివిల్లలు ఫుట్‌బాలా? ఏ ఛానల్ల వస్తదమ్మా గది?"

"మీ ఇంట్ల పెండ్లి క్యాసెట్ల వస్తది, పోయి సూస్కో!"

చెల్లె నా జబ్బ పట్టి అవతలికి లాక్కుపోయింది. "ఊకో అక్కా, ఆయన గూడ కూలికే వచ్చిండు. నువ్వు కొట్లాడినంత సేపట్ల నేను ఇంకో నాలుగు షాట్లు కొడుతుంటి."

ఆ ఏడు వానాకాలంలో మేడమ్‌కు ఫోన్ వచ్చింది, రాష్ట్ర జట్టు క్యాంపుకు చెల్లెను పిలిచారని. మా కాలేజీ నుంచి అంతవరకు ఎవరూ పోలేదు. అక్కడ నిలబడితే జాతీయ పోటీలు, ఆ తర్వాత రైల్వేలో ఆటల కోటా ఉద్యోగం అని ఇంట్లో పెద్దవాళ్ళు అప్పుడే ఊహల్లో తేలిపోయారు. చెల్లె ధ్యాస మాత్రం వేరే చోట ఉంది. క్యాంపు పెట్టే గ్రౌండ్‌లో నిజమైన గడ్డి ఉంటుందని ఎవరో చెప్పారట. "అక్కా, గడ్డి మీద వడితే దెబ్బ తగలదంట గదా?" అని పడుకునే ముందు రోజూ అడిగేది.

క్యాంపుకు ఇంకా కొన్ని వారాలుందనగా స్టేడియంలో మ్యాచ్ పడింది. ఆట ముగిసి కార్లు కదిలే వేళకు వాన అందుకుంది, చక్రాలు దిగబడి, తవ్వుకుని తవ్వుకుని బయటపడ్డాయి. రాత్రంతా కురిసిన వానకు బురద పారి గాడులన్నీ నిండిపోయి, తెల్లారేసరికి గ్రౌండ్ అలికిన వాకిలిలా సమంగా కనబడింది. మేం ఎప్పటిలాగే వరసగా నడిచాం, కనబడిన పెంకులు ఏరాం, పూడ్చడానికి గాడులే కనబడలేదు. తర్వాత ఆట మొదలైంది. చెల్లె బంతిని తీసుకుని, ఆగి, ఎడమకాలు ఆనించి తిరిగింది. కాలు బురద కింది గాడిలో దిగిపోయింది. ఒళ్ళు తిరిగింది, మోకాలు తిరగలేదు. చుట్టుపక్కల ఎవరూ లేరు, ఎవరూ తగల్లేదు. నేను ఉరికి వెళ్ళి నిలబడ్డాను, కొట్లాడదామంటే అక్కడ మనిషన్నవాడు లేడు.

మేడమ్ ఇంటికి వచ్చి స్కాన్ తీయించమంది. చిన్నాయన తల వంచుకుని విని, మెల్లగా చెప్పాడు. "స్కాన్ తీస్తే ఆపరేషనే అంటరు మేడం. ఆడివిల్ల, కాలుకు కోతబడ్డంక రేపు ఎవలన్న అడిగితే ఏం చెప్తం? కట్టు కట్టిపిస్తం." ఆయనను ఇవాళ తప్పుపట్టలేను. మా గల్లీలో ఫ్యాక్టరీ పనిలో చెయ్యి విరిగినవాళ్ళు, బండి మీంచి పడి కాలు విరిగినవాళ్ళు కట్టుతోనే లేచి తిరిగారు, అది నా కళ్ళతో చూశాను. విరిగింది ఎముక అయినప్పుడు అది నడిచింది. ఇది ఎముక కాదని మాలో ఎవరికి తెలుసు?

కట్టు కట్టే తాత బోడుప్పల్ వైపు ఉండేవాడు. బొటనవేలితో మోకాలి చుట్టూ నొక్కి చూసి, "బొక్క మంచిగున్నది, నరం జరిగింది, గంతే" అన్నాడు. చెల్లె నొప్పి గురించి అడగలేదు.

"క్యాంపుల ఉరకొస్తదా తాతా?"

"ఉరుకుతవ్ బిడ్డా, ఫికర్ జెయ్యకు."

ఆ మాట వినడానికే పోయినట్టున్నాం అందరం, వినగానే చిన్నమ్మ కొంగుతో కళ్ళు తుడుచుకుంది. ఆకుల పసరు, గుడ్డుసొన కలిపిన ఆ కట్టు వాసన ఇల్లంతా నిండిపోయింది. వాపు దిగింది. కట్టు విప్పాక చెల్లె గల్లీలో ఈ మూల నుంచి ఆ మూలకు నిటారుగా ఉరికి చూపిస్తే ఇళ్ళ ముందు నిలబడి చప్పట్లు కొట్టారు. గల్లీ సీదాగా ఉంటుంది. తిరగాల్సిన పని రాలేదు.

తెలంగాణ కోసం ఏ పొద్దున బంద్ పడుతుందో తెలియని రోజులవి. క్యాంపు మొదలైన నాడూ బస్సులు లేవు, చిన్నాయన స్కూటర్ మీద దింపి వచ్చాడు. నేను కాలేజీ గేటు దగ్గర ఫోను పట్టుకుని కూర్చున్నాను. ఎండ ఇంకా ముదరకముందే మోగింది. మేడమ్. "వచ్చి తీస్కపోవమ్మా" అంది. చిన్నాయన స్కూటర్ తీసుకుని నేనే పోయాను. తిరుగుదారిలో వెనక నన్ను పట్టుకుని కూర్చున్న చెల్లె నా భుజం మీదికి వంగి చెప్పింది. "గడ్డి మస్తుండె అక్కా. తిరిగిన, గంతే."

అప్పుడు తీయించాం స్కాన్. లోపలి లిగమెంట్ తెగి చాలా రోజులైందని, దాని మీద ఉరకడంతో పక్కనున్నవీ పాడయ్యాయని డాక్టరు చెప్పాడు. ఆపరేషన్ చేస్తే నడకకు ఢోకా లేదు, ఆట మాట మరిచిపొమ్మన్నాడు. కోత పడనే పడింది.

రాష్ట్రం వచ్చిన రోజు ఉప్పల్ రింగ్ రోడ్డంతా డప్పులే. నేనూ గులాల్ పూసుకుని గొంతు పోయేదాకా అరిచాను. ఇంటికి వస్తే చెల్లె డాబా మీద కాలు చాపుకుని కూర్చుని, నా జుట్టులో రంగు దులిపింది. కొత్త రాష్ట్రం అంటే కొత్త జట్టు, ఉన్న చోట్లకు పిల్లలు చాలక వెతికి వెతికి తీసుకున్నారు. మా టీమ్‌లో చెల్లె చోట ఆడుతున్న పిల్ల దాంట్లోకి పోయింది. నాకు ఒళ్ళు మండి ఆ పిల్లతో మాట్లాడటమే మానేశాను. చెల్లె తన బూట్లు కడిగి, ఆరబెట్టి, ఆ పిల్లకు పంపించింది. ఇద్దరిదీ ఒకటే సైజు అంది.

చెల్లె ఇప్పుడు హబ్సిగూడలో ఒక ప్రైవేటు స్కూల్లో ఆటల టీచర్. ఆ స్కూలుకు గ్రౌండ్ లేదు, సెల్లారులో బండ్ల మధ్య డ్రిల్లు చేయిస్తుంది.

మా ఆఫీసు వాళ్ళకు నాలుగు మాటలు చెప్పు అని బతిమాలితే పోయిన ఆదివారం పొద్దున టర్ఫ్‌కు వచ్చింది. మావాళ్ళు ఇంకా రాలేదు. చెల్లె గేటు దగ్గర చెప్పులు విడిచి, లోపలికి పోయి, తల వంచుకుని ఆ ప్లాస్టిక్ గడ్డి మీద నడవడం మొదలుపెట్టింది, అరికాలితో రాసి చూస్తూ, ఈ వల నుంచి ఆ వల వైపు. మా కంటే ముందు గంట ఆడి బయటికి పోతున్న చిన్న ఆడపిల్లలు, రంగురంగుల బూట్లవాళ్ళు, ఆగి చూశారు.

"ఆంటీ, ఏమన్న పోయిందా?"

ఆంటీ అన్నందుకు నాకు మండింది. చెల్లె నవ్వింది.

"చెవికమ్మ పోయినట్టుందే, దా, దేవులాడుదాం" అంది వాళ్ళలో ఒక పిల్ల. అందరూ పోయి తనకు అటూ ఇటూ వరసగా నిలబడి, తలలు వంచి, తనతో పాటు నడవసాగారు. చెల్లె వాళ్ళను వద్దనలేదు.

ఆ గడ్డిలో గాజు పెంకు లేదు, గాడి లేదు, అసలు మట్టే లేదు. ఈ పిల్లలకు ఇట్లా నడవాల్సిన పని ఎప్పటికీ పడదు, మంచిదే, పడకూడదు కూడా. కానీ గడ్డి ఉన్న గ్రౌండ్ కోసం మా చెల్లె ఎదురుచూసిన రోజుల్లో ఇది లేదు, ఇది వచ్చేనాటికి ఆ కాలు లేదు. ఫోను జేబులో పెట్టి, పోయి వరస చివర నిలబడ్డాను. ఆ వల దాకా నడిచాం. ఏమీ దొరకలేదు.