బంగారు పన్ను కుడివైపుకి మార్చాను

నా నవల అచ్చవగానే సగం మాయాబందర్ కదిలి నా గుమ్మం ముందుకొచ్చింది. ఆ ఊరు నన్ను ఎక్కడికి తోసి ముంచిందో చెబుతాను, కూర్చోండి. నాకైతే కూర్చోబుద్ధి కావడం లేదు.

రచయిత సొంత జీవితంలోంచి రాయాలన్నారెవరో. నా జీవితం ఇనుప సామాన్ల కొట్టు. మేకుల మీద నవలేం రాస్తాం? అందుకని పక్కింటి జీవితం తీసుకున్నాను. పక్కిల్లు మా చెల్లెలిది. దాని మొగుడు సింహాచలం జెట్టీలో టూరిస్టు బోటు నడుపుతాడు. ఎడమవైపు బంగారు పన్ను, తలకి ఎర్ర తువ్వాలు. నవల్లో పన్ను కుడివైపుకి మార్చి, తువ్వాలుకి పచ్చరంగు వేశాను. ఇక కన్నతల్లయినా పోల్చుకోలేదనుకున్నాను. రుచి కోసం ఆ బోటువాడికి సముద్రమంటే భయం తగిలించాను. అల లేస్తే చాలు, కళ్ళు మూసుకుని డోకుతాడు.

నా ధైర్యమల్లా ఒకటే. ఈ దీవుల్లో పుట్టిన మావాళ్ళు తెలుగు మాట్లాడతారు గానీ, హిందీ బళ్ళలో చదివి తెలుగు పుస్తకం తెరిచేదెవరు? నా భార్య సోంపేట బళ్ళో తెలుగు చదువుకుని కాపురానికొచ్చిన మనిషన్న సంగతే మరిచిపోయాను. మధ్యాహ్నం రొయ్యలు ఒలిచే ఆడవాళ్ళకి నవలంతా చదివి వినిపించింది, డోకులకి గొంతు మార్చి మరీ.

మర్నాడే సింహాచలం వచ్చాడు. సగం మాయాబందర్ అన్నాను చూశారూ, అది ఇతనొక్కడే. వెనక మా చెల్లెలు, దాని వెనక వాళ్ళ మేక.

"క్యా బావా, నాకు సముద్రమంటే భయమేటి?"

"అది నువ్వు కాదు సింహాచలం. వాడి పన్ను కుడివైపు."

"జెట్టీలో కుర్రాళ్ళు నాకే లైఫ్ జాకెట్ తొడుగుతున్నారు. వైజాగ్ పార్టీ ఆ మాట విని దూస్రా బోటెక్కీసింది. సీజన్లో నా పొట్ట మీద కొట్టావు."

"ఉత్త కల్పన."

"అయితే కల్ సుబే నా బోటెక్కు. రాసినోడివే ఎక్కితే జనం నమ్ముతారు. లేకపోతే మా గుమ్మం తొక్కకు."

ఆ పూటంతా కొట్టుకీ ఇంటికీ తిరుగుతూనే ఉన్నాను. గొళ్ళెం అడిగినవాడికి కుళాయి ఇచ్చాను.

పొద్దున మా ఆవిడ జెట్టీ మీంచి చూస్తుండగా ఎక్కాను. బోటు నడిసముద్రం చేరింది. కొబ్బరిచెట్టంత అల లేచింది. నేను కళ్ళు మూసుకున్నాను... మిగతాది నా నవల్లో ఉంది. సింహాచలం ఎర్ర తువ్వాలు విప్పి నా మూతి తుడిచాడు. జెట్టీ మీద ఎవడో, "నవల్లో బోటువాడెవడో ఇప్పుడు సమఝయింది భయ్యా," అన్నాడు. ఆ నవ్వులతోనే వైజాగ్ పార్టీ ఇతని బోటుకి తిరిగొచ్చింది.

ఆ సముద్రం సాక్షిగా ఒట్టేశాను. ఇక నా పాత్రలకి పళ్ళే ఉండవు.

ఇంతవరకూ రాసింది నా భుజం మీంచి చదివి మా ఆవిడ అంది:

"అల ఎక్కడిదండీ? జెట్టీకి కట్టిన తాడింకా విప్పనేలేదు."